ఇంటి కథ రాద్దాం రండి

కథ రాయమంటే మా పెద్ద తరగతి పిల్లలు రాజుల గురించి, రాక్షసుల గురించి ఉత్సాహంగా రాస్తారు. ఇంట్లో మనుషుల గురించి రాయమంటే మాత్రం కలం ఆగిపోతుంది. "అమ్మ చదివితే ఏమనుకుంటుందో!" అని భయం. ఆ భయం న్యాయమైనదే. అందుకే ఈ పాఠం.

ముందుగా గురజాడ అప్పారావు గారు 1910లో రాసిన 'దిద్దుబాటు' చూద్దాం. పాటకచేరీలకు అలవాటుపడి రాత్రిళ్ళు ఆలస్యంగా వచ్చే గోపాలరావుకు, ఒకనాడు భార్య కమలిని ఇంట్లో కనిపించదు. ఆమె రాసిన ఉత్తరం దొరుకుతుంది. అది చదివి పశ్చాత్తాపపడతాడు. తీరా చూస్తే కమలిని మంచం కిందే ఉంది! తప్పు చేసిన భర్తను కథ శిక్షించలేదు, దిద్దింది. ఇంటి కథలో విలన్ అక్కరలేదని మనం నేర్చుకోవలసిన మొదటి సంగతి.

ఉదాహరణకు, ఇండియా నుంచి అమ్మమ్మ వచ్చింది. మనవరాలు అన్నిటికీ ఇంగ్లీషులోనే జవాబిస్తోంది. అమ్మమ్మ నొచ్చుకుంది. తెలుగులో తప్పు మాట్లాడితే అందరూ నవ్వుతారని మనవరాలి బెంగ. ఇద్దరికీ సర్దిచెప్పలేక అమ్మ అలసిపోయింది. ముగ్గురి వైపూ న్యాయం ఉంది. కథ అక్కడే పుడుతుంది.

రెండవది, పిలుపు. ఇంగ్లీషులో బాబాయి, మామయ్య, పెదనాన్న అందరూ 'అంకుల్' అయిపోతారు. తెలుగులో పిలుపే బంధాన్ని చెబుతుంది. రోజూ "ఒరేయ్ తమ్ముడూ" అనే అన్నయ్య ఒకరోజు "మీ ఇష్టమండీ" అన్నాడనుకోండి. అతనికి కోపం వచ్చిందని వేరే రాయాలా?

మూడవది, చోటు. టిమ్ వింటన్ 1991లో ప్రచురించిన 'క్లౌడ్‌స్ట్రీట్' నవలలో, పెర్త్ నగరంలోని ఒకే పెద్ద ఇంట్లో రెండు కుటుంబాలు ఏళ్ళ తరబడి కాపురముంటాయి. తప్పించుకోలేని చోట మనుషుల్ని ఉంచితే మాటలు అవే వస్తాయి. మనకు వంటిల్లు చాలు, కారులో వెనక సీటైనా చాలు.

ఇక ఆ భయం సంగతి. పేర్లు, ఊళ్ళు మార్చండి. ఇద్దరు మనుషుల్ని కలిపి ఒక పాత్ర చేయండి. ఇంట్లోవాళ్ళు నమ్మి చెప్పిన రహస్యాన్ని మాత్రం రాయకండి.

ఈ వేసవి సెలవులకు ఇంటిపని: ఇంట్లో జరిగిన ఒక చిన్న గొడవను మీ వైపు నుంచి ఒక పేజీ రాయండి. అదే గొడవను అవతలివాళ్ళ వైపు నుంచి ఇంకో పేజీ రాయండి. మొదటి పేజీ దాచుకున్నా ఫరవాలేదు. రెండవది మాత్రం వాళ్ళకు చదివి వినిపించండి.