రసీదు వేరు, సర్టిఫికెట్ వేరు

ఒక ఆదివారము ఆరాధన ముగిసిన తరువాత అరటిపండ్లు అమ్ముకొనే ఒక సహోదరి మా ముందు ఒక గుడ్డ సంచి బోర్లించింది. చిన్న చిన్న రసీదులు, కొన్ని వెలిసిపోయినవి, కొన్నింటికి నూనె మరకలు. "మాస్టారుగారూ, పన్నెండేళ్ళ నుండి ఏ రోజు ఆశీలు ఆ రోజు కట్టాను. ఇన్ని రసీదులుండగా నా బండి ఎట్లా ఎత్తుకుపోయారు?" అని అడిగింది. ముందు రోజు కార్పొరేషన్ వ్యాను వచ్చి బండి, కాటా, పండ్లు అన్నీ తీసుకొనిపోయింది. ఏమేమి తీసుకొన్నారో వ్రాసి ఇచ్చిన కాగితము ఒక్కటీ లేదు.

మన సంఘస్థులలో బండి మీద, గంప మీద బ్రతికేవారు అనేకులు. ఆ సహోదరి పొరపాటే వీరిలో చాలామందికి ఉన్నది. ఆశీలు రసీదు ఆ రోజు రుసుము కట్టినట్లు మాత్రమే చెప్పును. అది లైసెన్సు కాదు. అమ్ముకొనే హక్కుకు ఆధారము మునిసిపాలిటీ ఇచ్చే వెండింగ్ సర్టిఫికెట్.

ఈ హక్కు ఒక్కనాటిలో రాలేదు. వీధిలో వ్యాపారము చేసుకొనుట కూడ రాజ్యాంగము 19వ అధికరణము క్రింద హక్కేనని, అయితే ఫలానా చోటే కావాలనే హక్కు ఎవరికీ లేదని 1989లో సుప్రీంకోర్టు ఢిల్లీకి చెందిన సోదన్ సింగ్ కేసులో చెప్పింది. చట్టము చేయండని 2010లో అదే కోర్టు గడువు పెట్టింది. చివరకు వీధి వ్యాపారుల చట్టము 2014 మే 1న అమలులోకి వచ్చింది.

దాని ప్రకారము ప్రతి పట్టణములో టౌన్ వెండింగ్ కమిటీ ఉండాలి. అందులో నూటికి 40 మందికి తక్కువ కాకుండా వీధి వ్యాపారులే, తమలో తాము ఎన్నుకొన్నవారు ఉండాలి. వారిలో మూడవ వంతు స్త్రీలు. ఈ కమిటీ కనీసము ఐదేళ్ళకొకసారి సర్వే చేసి, అందులో తేలిన 14 ఏళ్ళు నిండిన ప్రతివారికీ సర్టిఫికెట్ ఇవ్వాలి. సర్వే పూర్తయి సర్టిఫికెట్లు ఇచ్చేవరకు అక్కడ ఉన్నవారిని లేపకూడదు. చట్టములో ఇది అన్నిటికన్న గట్టి మాట. దీనినే ఎక్కువచోట్ల పాటించడము లేదని మా అభిప్రాయము.

సర్టిఫికెట్ ఉన్నవారిని ఆ చోటు నుండి పంపించాలంటే ముప్పది రోజుల ముందు నోటీసు ఇవ్వాలి. ఆ గడువు దాటిన తరువాత సరుకు పట్టుకొన్నా, జాబితా వ్రాసి, సంతకము చేసి, ఒక ప్రతి మన చేతికివ్వాలి. మనము వెళ్ళి రుసుము కట్టి అడిగితే పండ్లు, కూరగాయలు, పూలవంటివి అదే రోజున, మిగిలినవి రెండు పనిదినములలో తిరిగి ఇవ్వాలి. కనుక వ్యాను వచ్చినప్పుడు కేకలు వేయడము కన్న "జాబితా ఇవ్వండి సార్" అని అడగడము మేలు.

మన వైపు బాధ్యతలూ ఉన్నాయి. సర్టిఫికెట్ గలవారు తామే గాని తమ కుటుంబమువారే గాని అమ్మాలి. కొందరు కార్డు తీసుకొని ఆ చోటును వేరొకరికి అద్దెకిస్తున్నారు (పేర్లు చెప్పము, వారికే తెలుసు). దీనివలన సర్టిఫికెట్ రద్దు కావచ్చును. భర్త చనిపోతే భార్యకో, ఆధారపడిన బిడ్డకో సర్టిఫికెట్ గడువు తీరేవరకు అమ్ముకొనే అవకాశము చట్టములోనే ఉన్నది. ఇది తెలియక బండి అమ్మివేసిన విధవరాండ్రను మేము ఎరుగుదుము. రైళ్ళలో, రైల్వే స్థలములో అమ్మేవారికి మాత్రము ఈ చట్టము వర్తించదు.

మనవంటి వలస కుటుంబములకు ఒక చిక్కు ఉన్నది. కేంద్ర చట్టము స్థానికుడవా అని అడగదు. రాష్ట్రాల పథకములలో అడిగే కాగితములు వేరు. మహారాష్ట్రలో డొమిసైల్ సర్టిఫికెట్ అడుగుతారు. నలభై ఏళ్ళుగా ఇక్కడే ఉన్నవారికీ ఆ ఒక్క కాగితము లేక దరఖాస్తు ఆగిపోవచ్చును. రేషను కార్డు, పిల్లల బడి సర్టిఫికెట్లు పారవేయకండి. ఫారము కన్నడములోనో, తమిళములోనో, ఒరియాలోనో ఉంటే ఇక్కడి బడిలో చదివిన మన పిల్లలచేత చదివించుకొనండి.

ఆ సహోదరి విషయము. సోమవారము మేమిద్దరము ఆమెతో ఆఫీసుకు వెళ్ళాము. మూడు రోజులు తిప్పి, రుసుము కట్టించుకొని బండి, కాటా ఇచ్చారు. పండ్లు కుళ్ళిపోయినవి. రసీదులను తేదీలవారీగా కట్టలు కట్టి, మొదటిదానికి, చివరిదానికి నకలు తీసి, సర్వేలో పేరు చేర్చమని కమిటీకి దరఖాస్తు పెట్టించాము. ముద్ర వేసిన నకలు ఆమె దగ్గరే ఉన్నది. మీలో ఇటువంటి రసీదులు గలవారు వచ్చే ఆదివారము ఆరాధన తరువాత వాటిని తీసుకొనిరండి, కూర్చుండి చూద్దాము.