టోల్‌పడిల్ ఊరి ఆరుగురు కూలీలు

ఇంగ్లండు అనగానే మనకు దొరలు, పెద్ద పెద్ద మేడలు గుర్తుకొస్తాయి. కానీ అక్కడా పల్లెటూళ్లు ఉన్నాయి. కూలి చేసుకుని బతికిన పేదలున్నారు. అలాంటి ఒక ఊరి కథ చదువుదాం.

ఊరు

ఇంగ్లండు దక్షిణాన డార్సెట్ అనే జిల్లా ఉంది. అందులో ఒక చిన్న పల్లె టోల్‌పడిల్. ఊరి పక్కనే పిడిల్ అనే ఏరు పారుతుంది. పాత ఇళ్లకు మట్టి గోడలు, పైన గడ్డి కప్పు. ఊరి మధ్యలో ఒక పెద్ద సికమోర్ చెట్టు ఉంది. మన రచ్చబండ దగ్గర లాగే ఆ చెట్టు కింద జనం చేరి మాట్లాడుకునేవాళ్లు.

రెండు వందల ఏళ్ల కిందట అక్కడి భూములన్నీ కొద్దిమంది చేతుల్లో ఉండేవి. మిగతావాళ్లకు కూలిపనే దిక్కు.

తగ్గిన కూలి

జార్జ్ లవ్‌లెస్ ఆ ఊరి కూలీ. పగలంతా పొలం పని. అయినా పట్టుదలతో సొంతంగా చదువు నేర్చుకున్నాడు. పుస్తకాలు కొని చదివాడు. ప్రార్థన కూటాల్లో ప్రసంగాలు చేసేవాడు. అందుకని కూలీలు అతని మాట వినేవాళ్లు.

పక్క ఊళ్లలో వారానికి 10 షిల్లింగుల కూలి ఇస్తున్నారు. "మాకూ అంతే ఇవ్వండి" అని టోల్‌పడిల్ కూలీలు అడిగారు. రైతులు సరేనన్నారు. ఊరి పాదిరి సాక్షిగా నిలబడ్డాడు. కానీ అంతా నోటిమాటే. కాగితం లేదు.

తర్వాత రైతులు 9 షిల్లింగులే ఇచ్చారు. దాన్ని 8 చేశారు. మళ్లీ 7 చేశారు. ఇక ముందు 6 షిల్లింగులే అన్నారు. కూలీలు పాదిరి దగ్గరికి పోయి అడిగారు. "నేనలా అనలేదు" అని ఆయన తప్పుకున్నాడని లవ్‌లెస్ రాశాడు.

సంఘం పుట్టింది

ఆ డబ్బుతో పిల్లలకు కడుపునిండా తిండి ఎలా? ఒక్కడు అడిగితే పనిలోంచి తీసేస్తారు. అందరూ కలిసి అడగాలి. ఇలా ఆలోచించి 1833లో కూలీలు సంఘం పెట్టుకున్నారు. లవ్‌లెస్ బావ థామస్ స్టాండ్‌ఫీల్డ్ ఇంటి మేడ గదిలో కలుసుకునేవాళ్లు.

ఈసారి నోటిమాటతో సరిపెట్టలేదు. నియమాలు కాగితం మీద రాసుకున్నారు. కొట్లాటలకు దిగితే సంఘానికే చేటు అని అందులో స్పష్టంగా ఉంది. కొత్తగా చేరేవాళ్లు సంఘం గుట్టు బయటపెట్టమని ప్రమాణం చేసేవాళ్లు.

శిక్ష

భూస్వాములకు భయం పట్టుకుంది. సంఘం పెట్టుకోవడం అప్పటికే నేరం కాదు. మరి ఎలా పట్టుకోవాలి? 1797 నాటి పాత చట్టం ఒకటి వెతికారు. అది ఓడల్లో తిరుగుబాటు చేసిన నావికుల కోసం తెచ్చిన చట్టం. రహస్య ప్రమాణాలు చేయకూడదని అందులో ఉంది.

1834 ఫిబ్రవరి 24న ఆరుగురిని అరెస్టు చేశారు. జార్జ్ లవ్‌లెస్, అతని తమ్ముడు జేమ్స్ లవ్‌లెస్, థామస్ స్టాండ్‌ఫీల్డ్, అతని కొడుకు జాన్, జేమ్స్ హామెట్, జేమ్స్ బ్రైన్. మార్చిలో కోర్టు తీర్పు చెప్పింది. ఒక్కొక్కరికి ఏడేళ్ల ద్వీపాంతర శిక్ష! ఓడలో నెలల తరబడి ప్రయాణం చేయించి ఆస్ట్రేలియా వైపు పంపారు.

ఇంటి దగ్గర ఆడవాళ్లు, పిల్లలు మిగిలారు. పేదలకు ఊళ్లో ఇచ్చే సాయం కూడా వాళ్లకు ఇవ్వలేదు. అప్పుడు ఇతర ఊళ్ల పనివాళ్లు చందాలు వేసుకుని ఆ కుటుంబాలను ఆదుకున్నారు.

సంతకాల బలం

1834 ఏప్రిల్ 21న లండన్‌లో వేలాదిమంది పనివాళ్లు ఊరేగింపు తీశారు. ఆరుగురినీ విడిచిపెట్టమని అర్జీ రాశారు. దాని మీద రెండు లక్షలకు పైగా సంతకాలు చేశారు. హోం మంత్రి ఆ రోజు ఆ అర్జీ అందుకోలేదు. అయినా జనం ఊరుకోలేదు. సభలు పెట్టారు. మళ్లీ మళ్లీ అడిగారు.

చివరికి 1836 మార్చిలో ప్రభుత్వం దిగివచ్చింది. ఆరుగురికీ శిక్ష రద్దు చేసింది. 1837, 1839 మధ్య అందరూ ఇంగ్లండు చేరుకున్నారు. తమకు జరిగిన అన్యాయం గురించి జార్జ్ లవ్‌లెస్ స్వయంగా పుస్తకం రాశాడు. ఒక కూలీ చేతిలో కలం ఉండబట్టి ఆ సంగతులు మనకు తెలిశాయి.

తర్వాత అయిదుగురు కెనడా వెళ్లి స్థిరపడ్డారు. హామెట్ ఒక్కడే టోల్‌పడిల్‌లో ఉండిపోయాడు. ముసలితనంలో అనాథల ఆశ్రమంలో 1891లో చనిపోయాడు. అతని సమాధి ఆ ఊళ్లోనే ఉంది.

ఇప్పుడు

1934లో కార్మిక సంఘాలు ఆ ఊళ్లో ఆరు ఇళ్లు కట్టించాయి. వయసు మళ్లిన వ్యవసాయ కూలీలకు వాటిని ఇచ్చారు. అక్కడే ఈ కథ చెప్పే మ్యూజియం ఉంది. పెద్ద చెట్టు ఇంకా బతికే ఉంది. ఏటా జూలై నెలలో అక్కడ ఉత్సవం జరుగుతుంది. పనివాళ్లు జెండాలు పట్టుకుని వస్తారు. హామెట్ సమాధి మీద పూలు పెడతారు.

ఒక్కడి మాట ఎవరూ వినరు. నలుగురూ కలిస్తే వింటారు. ఆ మాట కాగితం మీద ఉంటే కాదనడం ఎవరికైనా కష్టం.

కొత్త మాటలు

షిల్లింగు: ఆనాటి ఇంగ్లండు నాణెం. 20 షిల్లింగులు ఒక పౌండు.
పాదిరి: చర్చిలో ప్రార్థన చేయించే పెద్ద.
ద్వీపాంతర శిక్ష: సముద్రం దాటించి దూరదేశంలో ఉంచే శిక్ష.
అర్జీ: మన కోరిక రాసి అధికారికి ఇచ్చే కాగితం.

ఆలోచించండి, మాట్లాడండి

1. రైతులు మొదట ఇచ్చిన మాటను కాగితం మీద రాయించుకుని ఉంటే ఏం జరిగేది?
2. ఆరుగురి కుటుంబాలను ఎవరు ఆదుకున్నారు? ఎందుకు?
3. మీ ఊళ్లో కూలి ఎంతని ఎవరు నిర్ణయిస్తారు? ఆడవాళ్లకూ మగవాళ్లకూ ఒకే కూలి ఇస్తున్నారా?
4. మీ వీధికి కావలసిన ఒక సౌకర్యం కోసం అర్జీ రాయండి. కింద అందరూ సంతకాలు చేయండి.