గట్టు తగాదా - పోలీసు రక్షణ

గణపవరం చుట్టుపక్కల ఇరుగుపొరుగు రైతుల వైరం ఎక్కడ మొదలైందని అడిగితే చాలామంది గట్టునే చూపిస్తారు. ఒక పక్క వరిచేను, రెండో పక్క చేపల చెరువు. చెరువు గట్టు ఏటా ఒక జానెడు ఇటు జరుగుతుంది, ఊటనీరు చేలోకి దిగుతుంది. ఒకనాటి తెల్లవారుజామున సర్వే రాయి ఉండదు, పొక్లెయిన్ మాత్రం ఉంటుంది. రైతు పరుగున పోలీసు స్టేషనుకు పోతాడు. "ఇది సివిల్ మేటరండీ, కోర్టుకెళ్లండి" అంటారు అక్కడ.

ఆ మాట సగం నిజం. ఆ భూమి ఎవరిదో తేల్చే అధికారం పోలీసులకు లేదు. దస్తావేజులు చూసి స్టేషనులోనే తీర్పు చెప్పమని అడగడం మన పొరపాటు. రేపు అవతలివాడు కూడా అదే అడుగుతాడు. అయితే హక్కు వేరు, స్వాధీనం వేరు. కర్ణాటక నుంచి వచ్చిన ఒక సరిహద్దు తగాదాలో, 2003 డిసెంబరులో సుప్రీంకోర్టు ఈ సంగతే తేల్చింది. వాది తన యాజమాన్యం రుజువు చేసుకోలేకపోయాడు. అయినా స్థిరమైన స్వాధీనంలో ఉన్నాడు కనుక అతనికిచ్చిన ఇంజంక్షన్ నిలిచింది. స్వాధీనంలో ఉన్నవాణ్ణి చట్టప్రకారం తప్ప బలంతో వెళ్లగొట్టరాదు.

పొరుగువాడు బెదిరించడానికో, నేరం చేయడానికో మన చేలో అడుగుపెడితే అది అక్రమ ప్రవేశం. భారతీయ న్యాయ సంహిత 329వ సెక్షను కింద పోలీసులు నేరుగా కేసు కట్టదగిన నేరం. అటువంటి సమాచారం అందితే ఎఫ్.ఐ.ఆర్. నమోదు తప్పనిసరి అని 2013లో లలితాకుమారి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ప్రభుత్వోద్యోగి పాతించిన సరిహద్దు రాయి పీకడం కూడా నేరమే. కాబట్టి ఫిర్యాదులో "నా భూమి నాకిప్పించండి" అని కాక, ఎవరు, ఏ వేళ, ఏం చేశారో రాయాలి.

కొట్లాట జరిగేటట్టుంటే మరొక దారి ఉంది. వెనకటి క్రిమినల్ ప్రొసీజర్ కోడులో 145వ సెక్షను. 2024 జూలై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 164. పోలీసు రిపోర్టు మీద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు ఇరుపక్షాలనూ పిలిచి, ఎవరి స్వాధీనంలో ఉందో విచారిస్తాడు. ఈ సెక్షనులో భూమి, నీరు అంటే పంటలు, చేపలు పట్టే తావులు కూడా వస్తాయి. 1898 నాటి కోడు రాసినవారు కొల్లేరు చూశారో లేదో గాని మనకు బాగానే పనికొచ్చింది! బోదె నీటికో, దారికో సంబంధించిన తగాదా అయితే 166వ సెక్షను.

ఇక్కడ గడువులు ముఖ్యం. బలవంతంగా వెళ్లగొట్టిన రెండు నెలల లోపల సమాచారం మేజిస్ట్రేటుకు అందితే, వెళ్లగొట్టబడినవాడే స్వాధీనంలో ఉన్నట్టు ఎంచవచ్చు. అది దాటితే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షను కింద ఆరు నెలల లోపల సివిల్ దావా వేయాలి. అందులో హక్కు ప్రశ్న రాదు. పెద్దమనుషుల రాజీ మాటలతో ఈ ఆరు నెలలూ గడిచిపోవడం మన ఊళ్లలో మామూలే.

అన్నిటికన్నా గట్టి ఆధారం సివిల్ కోర్టు ఇంజంక్షన్. స్వాధీనం సంగతి సివిల్ కోర్టు చూస్తూ ఉంటే 145 విచారణ సమాంతరంగా సాగరాదని 1985 నాటి లా రిపోర్టుల్లోనే సుప్రీంకోర్టు తీర్పుంది. ఉత్తర్వు ఉన్నా పొరుగువాడు లెక్కచేయకపోతే? సివిల్ ప్రొసీజర్ కోడు 39వ ఆర్డరు 2ఏ రూలు కింద అతని ఆస్తి జప్తు చేయవచ్చు, మూడు నెలలదాకా సివిల్ జైలులో ఉంచవచ్చు. అది చాలనప్పుడు 151వ సెక్షను కింద పోలీసు సాయం ఇమ్మని ఆ కోర్టే ఆదేశించవచ్చునని 1971 నాటి రిపోర్టుల్లో అచ్చయిన మన హైకోర్టు తీర్పు చెబుతోంది. చేతిలో ఆ ఆదేశం ఉన్నప్పుడు "సివిల్ మేటర్" అనే మాటకు చోటులేదు.

కర్ర పట్టుకుందామా అంటే, ఆస్తి రక్షణకు స్వయంరక్షణ హక్కు ఉన్నమాట నిజమే. అధికారుల సాయం కోరే వ్యవధి ఉన్నచోట మాత్రం ఆ హక్కు లేదు.

అందుచేత తగాదా ముదరకముందే అడంగల్ నకలు, శిస్తు రశీదులు, ఎఫ్.ఎం.బి. నకలు దగ్గర పెట్టుకుని, సర్వేకు ఎఫ్-లైన్ దరఖాస్తు చేసుకోవాలి. స్టేషనులో ఫిర్యాదు తీసుకోకపోతే దాన్నే స్పీడ్ పోస్టులో జిల్లా ఎస్.పి.కి పంపి, అందినట్టు రుజువు కాగితం దాచుకోవాలి. అక్కడా పని జరగకపోతే, మేజిస్ట్రేటు ముందు మొదట చూపవలసిన కాగితం అదే.