కట్ట మీదికి మళ్లీ వచ్చిన ఫొటో

ప్రశ్న: క్యాస్టింగ్ డైరెక్టర్ కావాలని ఉంది. థ్రిల్లరో, కామెడీయో ఏదో ఒకటే పట్టుకుంటేనే పేరొస్తుందంటున్నారు. నిజమేనా?
– ఓ పాఠకురాలు, గుంటూరు

జవాబు: అలా ఏం లేదండీ. హాలీవుడ్‌లో లిన్ స్టాల్‌మాస్టర్‌ని చూడండి. ఒక్క 1967లోనే ‘ది గ్రాడ్యుయేట్’ లాంటి కామెడీకీ, ‘ఇన్ ద హీట్ ఆఫ్ ద నైట్’ లాంటి నేరకథకీ నటీనటుల్ని ఎంపిక చేశారు. తర్వాత ‘డెలివరెన్స్’, ‘టూట్సీ’. ‘సూపర్‌మ్యాన్’ (1978) అప్పుడైతే క్రిస్టఫర్ రీవ్ బక్కపలచగా ఉన్నాడని పక్కన పెట్టేసేవారు. అతని ఫొటోని మళ్లీ మళ్లీ నటుల ఫొటోల కట్ట మీదికి చేర్చింది ఈయనే. కండలు తర్వాత పెంచుకోవచ్చు, ఆ చూపు, ఆ నిలబడే తీరు నేర్పితే రావు కదా! 2016లో గౌరవ ఆస్కార్ అందుకున్న తొలి క్యాస్టింగ్ డైరెక్టర్ ఆయనే. ఈ పనికి విడిగా ఆస్కార్ పోటీ మొదలైంది మాత్రం 2025 సినిమాలతోనే. మరీ ఆలస్యం!

ముందు ఎవరి దగ్గరైనా సహాయకురాలిగా చేరండి. ఆడిషన్‌లో ఎదుటి పాత్ర డైలాగులు చాలాసార్లు మీరే అందించాలి. మీరు చప్పగా చదివితే అవతలి నటుడూ చప్పబడిపోతాడు. నాటకాలు, షార్ట్ ఫిల్ములు చూసి, నచ్చినవాళ్ల గురించి రాసిపెట్టుకోండి. అవకాశం పేరుతో నటుల దగ్గర రూపాయి కూడా తీసుకోకండి, తీసుకునేవాళ్ల దగ్గర పనిచేయకండి.