చెరకు మిల్లు నుండి శాసనసభకు

వ్యాపారస్తుడు రాజకీయాలలోకి రావచ్చునా? ఈ ప్రశ్నకు ఉదాహరణ మన డెల్టాలోనే ఉంది. ఆయన తణుకు వాస్తవ్యులు ముళ్ళపూడి హరిశ్చంద్ర ప్రసాద్ గారు (1921–2011).

1947లో ఆంధ్రా షుగర్స్ స్థాపించిన వారిలో ఆయన ముఖ్యులు. ఆ సంస్థ పంచదారతో ఆగలేదు. కొవ్వూరులో కాస్టిక్ సోడా, తణుకులో ఆస్పిరిన్, ఆపైన ఇస్రో రాకెట్లకు ద్రవ ఇంధనం దాకా వెళ్ళింది. ప్రసాద్ గారు తణుకు నుండి శాసనసభకూ ఎన్నికయ్యారు.

మిల్లు లేకపోతే చెరకు రైతుకు బెల్లం గానుగే దిక్కు. ఆ మేలు కాదనలేము. అయితే రైతుబిడ్డలం మరొకటి కూడా గమనించాలి. కోసిన చెరకులోని సుక్రోజు ఇన్వర్టేజ్ అనే ఎంజైము వల్ల గ్లూకోజు, ఫ్రక్టోజులుగా విడిపోతుంది. ఎండకు బరువూ తగ్గుతుంది. ధర నచ్చలేదని ధాన్యంలాగా గాదెలో పోసి ఉంచడానికి వీల్లేదు. అందుచేత బేరంలో కొనేవాడిదే పైచేయి. ఆ కొనేవాడే మన శాసనసభ్యుడైతే రైతు ఎవరితో మొర పెట్టుకోవాలి?

ఇది ఒక్క వ్యక్తి మంచిచెడ్డలకు సంబంధించినది కాదు. అందుకే చట్టం కావాలి. 1966 నాటి చెరకు నియంత్రణ ఉత్తర్వు ప్రకారం కనీస ధర కేంద్రమే నిర్ణయిస్తుంది. చెరకు అందిన 14 రోజులలో మిల్లు సొమ్ము చెల్లించాలి. జాప్యమైతే ఏటా 15 శాతం వడ్డీ కట్టాలి.

పరిశ్రమ నడిపిన అనుభవం శాసనసభకు అవసరమే. కాని ఓటడగ వచ్చిన వ్యాపారస్తుణ్ణి విద్యార్థులమైన మనం ఒక్కమాట అడగాలి: "అయ్యా, మీ లాభానికీ మా పంటకూ పేచీ వస్తే తమరు ఎటు నిలుస్తారు?"