డాఫొడిల్ దుంపయు నేలసంపెంగ దుంపయు

డాఫొడిల్ అను పసుపుపచ్చని పూవు పశ్చిమ యూరపు దేశములకు సహజమైనది. దాని దుంప ఉల్లిగడ్డను పోలియుండును. ఉల్లివలెనే సులభముగా పెరుగునని తలంచి దూరమునుండి దానిని తెప్పించు రైతులు సొమ్మును నష్టపోవుదురు. అందులకు కారణమును, చీడికాడ తోటలకు తగిన దుంపపూవు సాగును ఇందు వివరింపబడినవి.

డాఫొడిల్‌కు చలి యేల?— ఈ మొక్కకు పూమొగ్గ వేసవిలో దుంపలోపలనే యేర్పడును. కాని యా దుంప 12 మొదలు 16 వారములవఱకు సుమారు 4 మొదలు 9 డిగ్రీల సెంటిగ్రేడు చలిలో నున్నగాని పూకాడ చక్కగా సాగదు. చీడికాడలో నట్టి చలి లేదు. లంబసింగి వంటి మన్యపు గ్రామములందు సయితము గడ్డుచలి రాత్రులకే గాని పగలు నిలువదు. దుంపను శీతలయంత్రమున నుంచి ఒకసారి పూయించినను, పూవు వాడినపిదప సుమారు ఆరు వారములు ఆకు పచ్చగా నుండినగాని దుంపకు మరల బలము చేరదు. ఇచ్చటి యెండకు ఆకు ముందుగనే మాడును; దుంప చిక్కిపోవును. ఈ దుంప విషము గలది, ఉల్లిపాయలతో కలియనీయరాదు.

తగిన దుంప.— విపణిలో లిల్లీ యనబడు నేలసంపెంగ మెక్సికో దేశమునుండి వచ్చినదైనను వేడిమికి ఓర్చును. దండలకు ఒంటిరెక్క రకములు మేలు. బెంగుళూరి భారత ఉద్యాన పరిశోధన సంస్థవారి శృంగార్, ప్రజ్వల్ అను రకములు ఇట్టివి. వీనిలో శృంగార్ వేరుబుడిపె పురుగును కొంత తట్టుకొనును.

నేల, నాటుట.— నీరు నిలువని గరపనేల శ్రేష్ఠము. ఎకరమునకు 10 టన్నుల చివికిన పశువులయెరువు వేసి దున్నవలెను. ముప్పాతిక అంగుళమునకు తక్కువ కాని గట్టి దుంపలను ఏరి, జూన్, జూలై నెలలలో బోదెలపై రెండంగుళముల లోతున నాటవలెను. బోదెకును బోదెకును అడుగు, దుంపకును దుంపకును ఎనిమిదంగుళములు ఎడముండవలెను. వానకాలమున కాలువలు తీసి నీటిని వెడలింపనిచో దుంపలు క్రుళ్లును.

పోషణ, కోత.— నాటిన మూడు నెలలకు పూత మొదలగును. దండపూలను సూర్యోదయమునకు ముందే కోయవలెను. కాడలతో అమ్మువారు అడుగు పూలు ఒకటి రెండు జతలు విచ్చినంతనే కోయవలెను. ఒకసారి పూచిన దుంప మరల పూయదు. దాని చుట్టు పుట్టిన పిల్లదుంపలే పైయేట పూయును. కావున పచ్చని యాకును కోయరాదు.

దుంపలు తీయుట.— మూడేండ్లకు పిల్లదుంపలు క్రిక్కిరిసి పూలు చిన్నవగును. అప్పుడు నీరు మానివేసి, ఆకు పండినపిమ్మట త్రవ్వి, నీడలో ఆరవేసి, అప్పుడప్పుడు తిరుగవేయుచుండవలెను. వేళ్లపై బుడిపె లున్నచో ఆ దుంపలను విత్తనమునకు వాడక, ఆ చేనిలో ఒక పంట బంతిని వేయుట మేలు.

మొదట అయిదు సెంట్లకు మించకుండ నాటి, సొంత పిల్లదుంపలతో క్రమముగా విస్తరించు రైతునకు విత్తనపు ఖర్చు మరల మరల కలుగదు.