చలనచిత్రము - చరిత్ర సాక్ష్యము

చరిత్ర అనగానే మనకు శాసనాలు, తాళపత్రాలు, నాణేలు స్ఫురిస్తాయి. ఇరవయ్యవ శతాబ్దం వీటికి ఫిల్మును కూడా జత చేసినది. జరిగిన సంఘటనను జరిగిన క్షణంలోనే బంధించిన పాత చిత్రఖండాలను తరువాతి దర్శకులు తమ చిత్రాలలో సాక్ష్యాలుగా చేర్చుకుంటారు. 1927లో సోవియట్ దర్శకురాలు ఎస్ఫిర్ షూబ్ పాత వార్తాచిత్రాలనే ఏరి కూర్చి, రొమానోవ్ వంశ పతనాన్ని ఒక పూర్తి చిత్రంగా రూపొందించారు. అయితే ఫిల్ము శిలాశాసనం వంటిది కాదు. పూర్వపు నైట్రేటు ఫిల్ము సులభంగా అంటుకొని కాలిపోయేది, లేదా డబ్బాలోనే క్రుళ్ళిపోయేది. మన తొలి టాకీ ‘ఆలం ఆరా’ (1931) ప్రతి ఒక్కటైనా నేడు మిగిలి లేదు. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారం 1964లో గాని ఏర్పడలేదు.

నిలిచిన చిత్రఖండాన్ని సరిగా చదవడం మరొక సమస్య. దీనికి హాలెండులోని వెస్టర్‌బోర్క్ శిబిరపు చిత్రాన్ని మించిన ఉదాహరణ మాకు కనబడలేదు. నాజీల ఆక్రమణ కాలంలో లక్షకు పైగా ప్రజలను ఆ శిబిరం నుంచి తూర్పు దిక్కునకు రైళ్ళలో పంపివేశారు. 1944లో శిబిరాధికారి గెమ్మెకర్ ఆజ్ఞపై, అక్కడి ఖైదీయే అయిన యూదు ఛాయాగ్రాహకుడు రుడాల్ఫ్ బ్రెస్లావర్ ఈ చిత్రం తీశాడు. పనిచేసే ఖైదీలు, ఆటలు, వినోద ప్రదర్శనలు ఇందులో ఉన్నాయి. రైలు బయలుదేరే దృశ్యం కూడా ఉన్నది. అందులో, తలకు గుడ్డ చుట్టుకున్న ఒక బాలిక సరకుల పెట్టె తలుపు సందులో నుంచి బయటికి చూస్తుంది. ఆ దృశ్యం సుమారు ఏడు సెకన్లు మాత్రమే!

యుద్ధానంతరం అలెన్ రెనే ‘రాత్రి, పొగమంచు’ చిత్రంలో వెస్టర్‌బోర్క్ దృశ్యాలను వాడుకున్నారు. ఆ బాలిక ముఖం యూదుల యాతనకు చిహ్నమై లోకమంతా వ్యాపించింది. పేరు మాత్రం ఎవరికీ తెలియదు. ఆమె యూదు బాలికయే అని అందరూ నమ్మారు.

డచ్ పాత్రికేయుడు ఆద్ వాగెనార్ ఈ పేరు కోసం బయలుదేరాడు. చిత్రంలో కనిపించే ఒక పెట్టెపై రాసిన పేరు, పుట్టిన తేదీల ఆధారంగా ఆ రైలు 1944 మే 19న కదిలినదని తేలింది. ఆ రైలులో యూదులతో పాటు 245 మంది సింతి, రోమా జనులు కూడా ఉన్నారు. అదే పెట్టెలో ప్రయాణించి ప్రాణాలతో మిగిలిన ఒక సింతి స్త్రీ 1994లో ఆ బాలికను గుర్తించింది. ఆమె పేరు సెతెలా స్టైన్‌బాక్, వయస్సు తొమ్మిదేండ్లు. శిబిరంలో జుట్టు గొరిగివేయడం చేతనే తలకు ఆ గుడ్డ. ఆ సంవత్సరమే తల్లితోను, తోబుట్టువులతోను ఆష్‌విట్జ్‌లో హతమైనది. (రోమా, సింతి జనుల పూర్వికులు సుమారు వేయేండ్ల క్రితం మన దేశం నుంచి వలస వెళ్ళినవారని భాషాశాస్త్రజ్ఞులు నిర్ధారించారు.)

ఇక్కడ ఫిల్ము అబద్ధమాడలేదని మా అభిప్రాయం. చూసినవారు తమకు తెలిసిన కథను దానికి తగిలించారు. ఆ కథ నిజమే, కాని అది ఆమె కథ కాదు. అందువలన ఒక చిన్న జాతి దుఃఖం యాభై ఏండ్లు మరుగున పడింది. అయినా ఆ ఏడు సెకన్ల ఫిల్ము భద్రంగా ఉండబట్టే తప్పు దిద్దుకోవడం సాధ్యమైనది. కెమెరా ఎవరి ఆజ్ఞపై తిరిగిందో కూడా మనం గమనించాలి. కావలివాడు చూపదలచినదే అందులో అధికం.

2017లో యునెస్కో ఈ చిత్రాన్ని ప్రపంచ స్మృతి పట్టికలో చేర్చినది. బ్రెస్లావర్‌ను కూడా 1944లోనే భార్యాబిడ్డలతో ఆష్‌విట్జ్‌కు పంపారు. ఆ కుటుంబంలో ఒక్క కుమార్తె మాత్రమే మిగిలింది.